లేని దేశమునకు దర్శిని

ఈ సంవత్సరము మన పాఠశాలలో తొమ్మిదవ, పదవ తరగతుల బాలబాలికలు కొందరు సాయంకాలములందు వేపచెట్టు నీడను గుమిగూడి ఆడుచున్న ఒక నూతన క్రీడను గురించి ఉపాధ్యాయులలోను తలిదండ్రులలోను కొంత చర్చ జరిగినది. అందు మాయలు, మంత్రములు, భూతములు ఉన్నవని విని ఒక తండ్రిగారు దానిని మాన్పింపవలసినదని కోరిరి. మా ఉపాధ్యాయులలో ఇరువురు ఆయన మాటయే న్యాయమనిరి. ఆ క్రీడకు ఆధారమైన గ్రంథమును నేను ఆ పిల్లలయొద్దనే అడిగి పుచ్చుకొని, సెలవు దినములలో మొదటినుండి తుదివరకు చదివితిని. నిషేధింపవలెనను వారితో నేను ఏకీభవింపజాలను. ఆ గ్రంథమున దోషమే లేదను వారితోను ఏకీభవింపజాలను. దోషమున్న చోటు వేరొకటి కలదు. దానిని చూపుటకే ఈ వ్యాసము.

మొదట ఆ క్రీడ యెట్టిదో తెలియనివారికొరకు కొంత చెప్పవలెను. నలుగురైదుగురు కూర్చుండి, ఒక్కొక్కరు ఒక్కొక్క పాత్రను ధరింతురు. ఒకడు యోధుడు, ఒకతె వైద్యురాలు, ఒకడు దొంగ, ఒకడు మంత్రవేత్త. వీరికి పైన ఒకరు కథానిర్వాహకులుగా నుండి, "మీరు నదీతీరమునకు వచ్చితిరి, పడవవాడు లేడు, ఆవలి గట్టున పొగ కనబడుచున్నది, ఏమి చేయుదురు?" అని అడుగుదురు. ఆటగాండ్రు తాము చేయునది నోటితో చెప్పుదురు. అది ఫలించునో ఫలింపదో పాచికలు తేల్చును. నాలుగు ముఖములది మొదలు ఇరువది ముఖములదాక పలు విధములైన పాచికలు వీరికి కలవు. రేఖాగణితమున ఘనాకృతుల పాఠము చెప్పునపుడు నేను ఆ పాచికలనే తరగతికి తెప్పించుకొంటినని చెప్పినచో తలిదండ్రులు క్షమింతురుగాక. ఈ క్రీడలో గెలుచువాడును ఓడువాడును ఉండరు. కథ సాగుటయే ఫలము.

అమెరికా దేశమున గారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ అను ఇరువురు 1974వ సంవత్సరమున "డంజన్స్ అండ్ డ్రాగన్స్" అను పేర దీనిని ప్రకటించిరి. కథ జరుగుటకు ఒక దేశము కావలెను గదా! తొలుదొల్త ఎవరి దేశమును వారే కల్పించుకొనుచుండిరి. తరువాత 1980లో గైగాక్స్ తాను కల్పించిన గ్రేహాక్ అను లోకమునకు రెండు పెద్ద పటములతో ఒక చిన్న వివరణ గ్రంథమును వెలువరించెను. 1987లో కెనడా దేశస్థుడును, గ్రంథాలయోద్యోగియు నైన ఎడ్ గ్రీన్‌వుడ్ బాల్యమునుండి తన మనస్సులో పెంచుకొనుచు వచ్చిన ఒక లోకము "ఫర్గాటెన్ రెల్మ్స్" అను పేర పుస్తకములతోను పటములతోను పెట్టెలో అమ్మకమునకు వచ్చెను. అప్పటినుండి ఇట్టి గ్రంథములు లెక్కకు మిక్కిలిగా పుట్టినవి. వానిని నేను "దర్శినులు" అని పిలుచుచున్నాను. యాత్రికునకు కాశీదర్శిని యెట్టిదో ఆటగానికి ఇవి యట్టివి. భేదమొక్కటే, ఆ దేశమునకు ఏ రైలును పోదు.

మన పిల్లలయొద్దనున్న దర్శినిలో ఏమున్నది? మొదట పటము. పిమ్మట నదులు, కొండలు, ఋతువులు. ఏ పట్టణమున ఏ వస్తువు దొరకును, ఎవరు పన్ను వసూలు చేయుదురు, ఏ రాజునకు ఏ రాజుతో వైరము, ఏ దేవాలయమున ఏ ఉత్సవము, సత్రమున భోజనము వెల యెంత, ఏ అడవిలో ఏ మృగము తిరుగును. కథ మాత్రము అందులో లేదు. కథకు కావలసిన సామగ్రి మాత్రమే యున్నది. భూగోళశాస్త్రమును చరిత్రయు పౌరనీతియు ఒక్క కుట్టులో కుట్టినట్లున్న ఆ పుస్తకమును చూచి, మన పాఠ్యపుస్తకములు వ్రాయువారు దీనిని చూచిన బాగుండునని నాకు తోచినది.

ఇక ఆక్షేపణలు. ధనవ్యయమని ఒకటి. నిజమే, విదేశపు దర్శినులు వెలగలవి. అయితే మన పిల్లలు ఒక్క ప్రతిని పదిమంది చదువుచున్నారు, అది గ్రంథాలయ ధర్మమే. కాలవ్యయమని మరియొకటి. పదవ తరగతి పరీక్షలకు ముందు మూడు నెలలు ఏ ఆటయు గంటకు మించి ఆడరాదని నేనును చెప్పుదును. ఇది క్రికెట్టునకును వర్తించును. క్రికెట్టును గూర్చి ఏ తండ్రియు ఉత్తరము వ్రాయడు!

మాయమంత్రముల ఆక్షేపణ వీనికంటె గట్టిది. క్రైస్తవ కుటుంబములలో దానికి బలమెక్కువ. ఇది మనకు మాత్రమే తోచిన శంక కాదు. 1979లో అమెరికాలో మిషిగన్ రాష్ట్రమున ఒక విద్యార్థి కనబడకపోగా, ఈ క్రీడ మూలముననే నేలక్రింది సొరంగములలో తప్పిపోయెనని పత్రికలు కోడై కూసినవి. ఆ బాలుడు పిమ్మట దొరకెను. ఆటకును అతని కష్టమునకును సంబంధము లేదని తేలినది. అయినను 1980లలో అనేక సంఘములందు ఈ పుస్తకములను వద్దనిరి. అదే కాలమున, 1984లో, డిక్ వుల్ఫ్ అను క్రైస్తవుడు "డ్రాగన్‌రైడ్" అను వేరొక క్రీడను సిద్ధపరచెను. అందు ఆటగాండ్రు కష్టము వచ్చినపుడు కంఠస్థము చేసిన పరిశుద్ధ గ్రంథ వాక్యములను తప్పులేకుండ చెప్పి ముందుకు సాగవలెను. మన ఆదివారపు బడి ఉపాధ్యాయులకు ఈ సంగతి రుచించునని తలచుచున్నాను.

అయితే కల్పిత దేశమునందు భూతమున్నంత మాత్రమున అది మన విశ్వాసమునకు శత్రువు కానేరదు. మన సంఘములలో ఎన్నో తరములుగా పెద్దలు చదివించిన "యాత్రికుని ప్రయాణము" ఏమి? బెడ్‌ఫర్డ్ చెరసాలయందు జాన్ బన్యన్ మొదలిడి 1678లో ప్రకటించిన ఆ గ్రంథమున నిరాశ యను ఊబి కలదు, వ్యర్థమను సంత కలదు, సందేహ మను కోట కలదు, ఆ కోటలో ఒక రాక్షసుడు కలడు. దాని ప్రతులలో కొన్నింటికి పటమును జతచేసిరి. ఇంతకంటె దర్శిని యేమున్నది? ఈ క్రీడలన్నిటికి తాతవంటి వాడైన టోల్కీన్, 1954–55లో మధ్యభూమి యను లోకమును పటములతోను అనుబంధములతోను లోకమునకిచ్చినవాడు, నిష్ఠగల కాథలిక్కు. 1939లో ఆయన స్కాట్లండునందు చేసిన ఉపన్యాసములో, సృష్టికర్త రూపమున సృజింపబడిన నరుడు తానును చిన్న సృష్టి చేయగోరుట సహజమని వాదించెను. ఆయన మిత్రుడు లూయిస్ 1950 మొదలుకొని వ్రాసిన నార్నియా కథలు మన గ్రంథాలయపు బీరువాలోనే యున్నవి. వానిని గూర్చి ఎవరును ఆక్షేపింపలేదు.

తెలుగువారికి కూడ ఇది క్రొత్త విద్య కాదు. మధిర సుబ్బన్న దీక్షితులవారు పండ్రెండు భాగములుగా రచించిన "కాశీమజిలీ కథలు" చూడుడు. మణిసిద్ధుడను యతి కాశికి పోవుచు గోపుడను పసులకాపరిని వెంటబెట్టుకొని పోవును. ప్రతి మజిలీయందును ఆ బాలుడు తాను చూచిన వింతను గూర్చి ప్రశ్నించును. యతి దానికొక కథ చెప్పును. చోటునుండి కథ పుట్టుట, చూచినవాడు అడుగుట, తెలిసినవాడు చెప్పుట, ఇదే గదా మన వేపచెట్టు క్రింద జరుగుచున్నది! వైకుంఠపాళి పటమును చూచినను, గవ్వలు వేసి పాపపుణ్యముల లోకమున పైకెక్కుటయు పాము నోటబడి క్రిందికి జారుటయు కలవు. పొణికి కర్రతో బొమ్మలు చేయు నిర్మలయందే ఒకప్పుడు గంజీఫా చీట్లకును రంగులు వేసిరి. ఆట వస్తువునందు ఒక లోకమును చిత్రించుట మన ప్రాంతపు చేతులకు అలవాటైన పనియే.

కనుక నా ఆక్షేపణ వేరొకచోట నున్నది. దానిని చెప్పుటకు పరిశుద్ధ గ్రంథములోని సంఖ్యాకాండమునకు పోవలెను. మోషే కనాను దేశమును వేగు చూచుటకు పండ్రెండుగురిని పంపెను. వారికి ఆయన ఇచ్చిన ప్రశ్నల పట్టికను గమనింపుడు. ఆ దేశస్థులు బలవంతులా బలహీనులా, కొద్దిమందియా పెక్కుమందియా, నేల సారము గలదా లేనిదా, చెట్లున్నవా లేవా, ఊళ్లకు ప్రాకారములున్నవా లేక బయలున గుడారములా, అచటి పండ్లు ఎట్టివి? మంచి దర్శినికి ఇంతకంటె మంచి ప్రకరణ విభాగము నేడును ఎవరును చేయజాలరు. పండ్రెండుగురును నలువది దినములు తిరిగి ఒకే దేశమును చూచి వచ్చిరి. అయినను పదిమంది వ్రాసిన దర్శిని యొకటి, ఇద్దరు వ్రాసినది వేరొకటి. పదిమంది, అచటివారందరును మహాకాయులనియు, వారి యెదుట తాము మిడతలవలె నుంటిమనియు చెప్పిరి. వారు దేశమును వర్ణింపలేదు, తమ భయమును వర్ణించిరి. ఆ వర్ణన విన్నవారు రాత్రియంతయు ఏడ్చిరి.

మన పిల్లల దర్శినిలో "ఓర్కులు" అని ఒక జాతి కలదు. పుట్టుకతోనే వారు క్రూరులు, మూఢులు, దోపిడిగాండ్రు. వారిలో శిశువులున్నారా, తల్లులున్నారా, సాయంకాలమున వారు ఏ పాట పాడుదురు అను ప్రశ్న ఆ ప్రతిలో లేదు. వారిని చంపినవానికి అంకములు లభించును. మంత్రగాని మంత్రము చదివి మా బాలుడెవడును మంత్రగాడు కాలేడు. కాని ఒక జాతి జాతియంతయు పుట్టుకచేతనే చెడ్డదను భావము నూరుసార్లు ఆటలో అభ్యసించినచో, అది ఆటతో ఆగునా? ఈ ప్రశ్న నేను మొదట అడిగినది కాదు. ఆ క్రీడను ప్రచురించు విజర్డ్స్ ఆఫ్ ది కోస్ట్ సంస్థయే 2020లో, తమ పుస్తకములలో కొన్ని జాతులను చిత్రించిన తీరు నిజలోకమున కొన్ని ప్రజలను నిందించిన తీరును పోలియున్నదని ఒప్పుకొని దిద్దుబాటునకు పూనుకొనెను. 2024 నాటి ఆటగాండ్ర గ్రంథమున "జాతి" అను మాటనే తీసివేసి వేరొక మాట వాడినది. మా పిల్లలయొద్దనున్నది పాత ముద్రణము.

నిజలోకమున ఇట్టి దర్శినులు లేకపోలేదు. 1871లో బ్రిటిషు ప్రభుత్వము చేసిన నేరస్థ జాతుల చట్టము ఏమి చెప్పినది? ఫలానా తెగలో పుట్టినవాడు పుట్టుకచేతనే దొంగ యని. తెలుగుదేశమున ఎరుకలవారివంటి వారు ఆ ముద్రను తరతరములు మోసిరి. ఆ చట్టము 1952లో గాని దేశమంతట తొలగలేదు. చట్టము పోయినను మాట పోలేదు. మన కథలలో అడవిలో నుండువాడు ఎట్లుండును? నల్లగా, జడలతో, నరమాంసము కోరుచు. అడవియనగా ఎవరి అడవి? మన బడినుండి బస్సెక్కినచో మూడు గంటలలో చేరు ఉట్నూరు, జైనూరు, నార్నూరు అడవి. అచటి గోండు, కొలాము బాలురు మన వసతిగృహమునందే యున్నారు. ఆటలో ఓర్కు పాత్రను ఎవరికిచ్చుచున్నారో కనిపెట్టుటకు నేను రెండు సాయంకాలములు దూరముగా నిలిచి చూచితిని. ఎవరికిచ్చిరో ఇచట వ్రాయను. చదువరులు ఊహింపగలరు.

ఆ బాలుని వంశమునకు గల లోకము, మన పిల్లలు వెలయిచ్చి కొన్న లోకముకంటె తక్కువదా? గోండుల పూర్వులను గుహనుండి విడిపించిన పహాండి కుపార్ లింగు కథను ప్రధానులు కింగ్రి వాయించుచు తరతరములుగా పాడుచున్నారు. ఆ పాటకు లోకమున తొలి ముద్రణము కలిగించినవాడెవడో మన పాఠకులు ఎరుగుట మంచిది. నాగపురమున పాఠశాల నడిపిన స్కాట్లండు మిషనరీ స్టీఫెన్ హిస్లాప్ ఒక ప్రధానుని నోట విని దానిని వ్రాసికొనెను. 1863లో ఆయన వాగు దాటుచు మునిగి మరణింపగా, ఆయన కాగితములను 1866లో రిచర్డ్ టెంపుల్ అచ్చు వేయించెను. పిమ్మట హైమెన్‌డార్ఫ్ అను పండితుడు మన ఆదిలాబాదు గ్రామములలోనే నివసించి 1948లో రాజగోండులను గూర్చి పెద్ద గ్రంథము ప్రకటించెను. హిస్లాప్ గోండుల వద్దకు కనాను వేగులలో ఇద్దరివలె పోయెను, పదిమందివలె పోలేదు. కల్పిత దర్శినులు వ్రాయువారు ఒక క్రొత్త లిపిని కల్పించి దానిని వింతగా చూపుదురు. ఆదిలాబాదు జిల్లా గుంజాల గ్రామమున దొరకిన వ్రాతప్రతులలో గోండీ భాషకు తన సొంత లిపియే కలదు. 2018లో అది యూనికోడునందు కూడ చేరినది. మన విద్యార్థులలో ఎందరు దాని అక్షరమొకటి చూచిరి?

ఇపుడు నేను చేయదలచిన సూచన. ఆటను మాన్పింపవలదు. వచ్చు సంవత్సరము తొమ్మిదవ తరగతివారు తమ సొంత దర్శినిని వ్రాయవలెను. దేశము కల్పితమే కానిండు, సామగ్రి మాత్రము మన కాళ్ల క్రింది నేలనుండి రావలెను. కొండకోట కావలెనా? మానేరు ఒడ్డున ఎల్గందుల కోట కలదు. అందు ఒకదానిని కదలించినచో రెండవది ఊగునని చెప్పు జంట మీనారులు కలవు. అచటినుండి మానకొండూరునకు సొరంగము కలదని ముసలివారు చెప్పుదురు. ఉన్నదో లేదో, దర్శినికి ఆ "చెప్పుదురు" చాలును. జగిత్యాలయందు నక్షత్రాకారమైన కోట కలదు. నిర్మలయందు బురుజులు కలవు. జలపాతమునకు కుంటాల, ప్రాచీన నగరమునకు శాతవాహనుల నాణెములు దొరకిన కోటిలింగాల, జాతరకు కేస్లాపురమున నాగోబా. ఇప్పపువ్వు ఎప్పుడు రాలునో, తునికాకు ఎవరు కోయుదురో, చెరువు నిండినపుడు మొదటి నీరు ఎవరి మడికో, అంగడి ఏ వారమో, ఇవన్నియు వ్రాయవలెను. ఆంగ్ల దర్శినిలో "నేలమాళిగ" యని వ్రాసినదానికి మన పిల్లలు కన్నులు పెద్దవి చేయుచున్నారు. వారిలో ముగ్గురి తండ్రులు సింగరేణి బొగ్గుగనిలో దినదినము దీపము తలకు కట్టుకొని దిగుచున్నవారు. అచట చీకటి ఎట్లుండును, గాలి ఎట్లు వచ్చును, పైకప్పు చప్పుడు చేసినపుడు ఏమి చేయవలెను అని ఇంటిలో అడిగి వ్రాసిన బాలునకు నేను భాషలో నిండు మార్కులిత్తును.

ఒక్క నియమము మాత్రము నేను విధింతును. దర్శినిలో ఏ జనమును గూర్చి వ్రాసినను, మోషే అడిగిన ప్రశ్నలన్నిటికి జవాబు వ్రాయవలెను. వారేమి పండింతురు, దేనికి భయపడుదురు, పిల్లలను ఏమని లాలింతురు, అతిథికి ఏమి పెట్టుదురు? ఈ ప్రశ్నలకు జవాబు వ్రాసిన పిమ్మటను ఆ జనమును ఓర్కులుగా చేయగలిగినచో చేయనిండు. చేయలేరని నా నమ్మకము. దుష్టుడు కథకు కావలెనందురా? కావలసినదే. పన్నులు మ్రింగు దొర యుండవచ్చును, నీరు దాచు ఆసామి యుండవచ్చును, మాట తప్పిన మంత్రి యుండవచ్చును. ఒక్కొక్కని దుష్టత్వము వాని వాని క్రియలచేత తెలియవలెను. యూదులు పేరెత్తుటకే ఇష్టపడని సమరయుని మన ప్రభువు ఏ కథలో ఏ పాత్రగా నిలిపెనో మన పిల్లలకు చెప్పనక్కరలేదు.

ఇది పరీక్షలకు పనికివచ్చునా యని ఒక తల్లిగారు నన్నడిగిరి. వ్యాసరచనకు పనికివచ్చును, సాంఘికశాస్త్రమునకు పనికివచ్చును, పటము గీయుటకు కొలతలు రావలెను గనుక గణితమునకును పనికివచ్చును. ఇంతకు మించి వాగ్దానము చేయజాలను.

మొదటి అధ్యాయము ఎవరు వ్రాయవలెనో కూడ నేను నిశ్చయించుకొంటిని. మధ్యమానేరు జలాశయము క్రింద మునిగిన ఊళ్ల కుటుంబములనుండి మన బడికి వచ్చుచున్న పిల్లలు కొందరున్నారు. వారి తాతలకు ఆ ఊళ్లు అంగుళమంగుళము తెలియును. ఏ వీధిలో ఏ బావి, ఏ మలుపున మోదుగ, ఎవరి అరుగుమీద సాయంకాలపు ముచ్చట, ప్రార్థనకు ఎవరి ఇల్లు. ఆ దేశము ఇపుడు ఏ పటమునందును లేదు. వేసవి సెలవులలో ఆ తాతలయొద్ద కూర్చుండి, వారు చెప్పుచుండగా పటము గీసికొని రావలసినదని ఆ పిల్లలకు చెప్పియున్నాను. దొడ్డ కాగితములు, రంగు పెన్సిళ్లు పాఠశాలయే ఇచ్చును.